వన్స్ మోర్ గిట్టని వెంకటరత్నం

చేసిన పనిని రెండోసారి చేయమంటే స్టూడియో వెంకటరత్నానికి ఒళ్ళు మండేది. అన్న మాట మళ్ళీ అనడు. వెళ్ళిన దారిన తిరిగి రాడు. పొద్దున ఇడ్లీ తిన్నాడంటే, సాయంత్రం ఇడ్లీ హోటలు ఎదురైతే రోడ్డు దాటి అవతలి పక్కన నడుస్తాడు. ఇలాంటి మనిషి ఏ అడవిలోనో ఉంటే ఎవరికీ ఇబ్బంది ఉండేది కాదు. తెనాలిలో ఉన్నాడు. పద్యం బాగుంటే వన్స్ మోర్ కొట్టకుండా నాటకం చూడటం చేతకాని ఊరు తెనాలి.

ఒకసారి నాటకంలో రాజుగారు యుద్ధభూమిలో పడిపోయి, పైకప్పు రేకులు అదిరేలా పద్యం పాడి, ప్రాణం విడిచారు. హాలంతా వన్స్ మోర్. రాజుగారు లేచి కూర్చుని, కిరీటం సర్దుకుని, హార్మోనియం వైపు చూసి గొంతు సవరించుకున్నారు. మూడో వరసలో వెంకటరత్నం కుర్చీ ఎక్కాడు.

“చచ్చినవాణ్ణి చావనివ్వండయ్యా!”

“నువ్వు కూర్చోవయ్యా!”

“వన్స్ మోర్ ఏంటండీ, వన్స్ మోర్! ఇంకోటి అనండి, ఇంకోటి! కొత్తది వస్తుంది!”

“చచ్చిపోయినాక కొత్త పద్యం ఎక్కణ్ణించి తెస్తాడ్రా?” అని వెనకనించి ఎవరో అరిచారు.

రాజుగారు ఉభయపక్షాల వాదనా విని, ఎటూ తేల్చుకోలేక, మళ్ళీ పడుకున్నారు.

బోసు రోడ్డులో వెంకటరత్నం ఫొటో స్టూడియో. మేడ మీద గదిలో నేను అద్దెకుండేవాణ్ణి. ఒక దినపత్రికకి తెనాలి విలేకరిని. నా వార్తలకి ఫొటోలు వెంకటరత్నమే తీసేవాడు. ప్రతి సభకీ ఒకే ఫొటో. మంత్రిగారు ఆవలించే క్షణంలో కెమెరా దీపం వెలిగితే, పత్రికలో ఆవలింతే. “ఇంకొక్కటి తీసి ఉండాల్సింది రత్నంగారూ” అంటే, “మళ్ళీ అంత బాగా ఆవలిస్తారా?” అనేవాడు.

అతనితో ప్రయాణం మరీ ప్రమాదం. రేపల్లెలో పెళ్ళికి ఇద్దరం బస్సెక్కాం.

“ఎక్కడికండీ?” అన్నాడు కండక్టరు.

“రేపల్లె.”

బస్సు రొదలో కండక్టరుకి వినపడలేదు. “ఎక్కడికండీ?”

“భట్టిప్రోలు.”

“ఇందాక రేపల్లె అన్నట్టున్నారు?”

“అన్నాను. మీరు మళ్ళీ అడిగారుగా.”

భట్టిప్రోలులో దింపేశాడు. అక్కణ్ణించి జట్కాలో పోతే, మేం చేరేసరికి పెళ్ళివారు ఫొటోగ్రాఫరు లేడని దండలు తీసి పక్కనపెట్టి కాఫీలు తాగుతున్నారు.

స్టూడియోలోనూ అదే వరస. జంపని నుంచి ఒక తల్లి పెళ్ళిచూపుల ఫొటోకి కూతుర్ని తీసుకొచ్చింది. దీపం వెలిగేసరికి ఆ అమ్మాయి కళ్ళు మూసింది.

“అయ్యో బాబూ, కళ్ళు మూసేసింది. ఇంకోటి తియ్యి.”

“ఇంకోటి తీస్తానమ్మా. అమ్మాయ్, అటు తిరుగు.”

వెనకనించి జడ ఫొటో తీశాడు. రెండూ పట్టుకెళ్ళి అబ్బాయి తరఫువాళ్ళకి చూపిస్తే, అబ్బాయి తల్లి మొదటిది పక్కన పడేసి రెండోది చూసి, “జడ చూడండి, మోకాళ్ళు దాటింది” అని ఒప్పేసుకుంది. దాంతో వెంకటరత్నానికి తన పద్ధతి మీద నమ్మకం ఇంకా ముదిరింది.

భార్య జయలక్ష్మిగారు నందివెలుగు ఆడపడుచు. నెమ్మదస్తురాలు, నోట్లో మాట మాత్రం సిద్ధంగా ఉంటుంది. ఒకసారి భోజనాల దగ్గర వెంకటరత్నాన్ని ఇరికిద్దామని అడిగాను.

“రత్నంగారూ, తాళి కట్టేప్పుడు మూడు ముళ్ళు వేశారు కదా. అదే పని మూడుసార్లు చేసినట్టేగా?”

“మూడూ మూడు రకాలుగా వేశానండి.”

“అందుకే ఊడి రావట్లా” అంది జయలక్ష్మిగారు, చారు వడ్డిస్తూ.

ఇలాంటి మనిషి చేతికి సినిమా కెమెరా వచ్చింది. బాపట్లలో ఏళ్ళ తరబడి ఉన్న ఒక మిషన్ ఆసుపత్రి డాక్టరు స్వదేశం పోతూ, గడియారానికిచ్చినట్టు కీ ఇచ్చి తిప్పే చిన్న కెమెరానీ, గోడమీద బొమ్మవేసే మిషన్నీ అతనికి అమ్మేశాడు. రీలు నాలుగు నిమిషాలు నడుస్తుంది. కడిగించడానికి బొంబాయి పంపాలి. మాట రాదు, పాట రాదు, బొమ్మ మాత్రం కదులుతుంది. ఆ కెమెరాతో వెంకటరత్నం ఏం తీయాలని నిశ్చయించాడయ్యా అంటే, సంగీతం.

“శబ్దం రాదు కదండీ?” అన్నాను.

“రాదు.”

“మరి సంగీతం మీద సినిమా ఏంటి?”

“శబ్దం వస్తే, వేసినప్పుడల్లా అదే పాట వినపడి చస్తుంది. దీనికి ఆ పీడ లేదు.”

అతని సినిమాల పద్ధతి ఇది. సంగీతం చేసేవాళ్ళని కూర్చోబెడతాడు. “వచ్చింది వాయించొద్దు. అప్పటికప్పుడు ఏది తోస్తే అది వాయించండి” అంటాడు. కెమెరాకి కీ ఇస్తాడు. కీ ఎక్కడ అయిపోతే సినిమా అక్కడ అయిపోతుంది. మళ్ళీ తీయడం లేదు. చూపించే రోజున బొమ్మ గోడమీద మూగగా ఆడుతుంటే, కింద మనుషులు కూర్చుని ఆ బొమ్మని చూస్తూ అప్పటికప్పుడు పాట కట్టాలి. బొమ్మ పాతది, పాట కొత్తది. ప్రతి సినిమాకీ పేరు ఒకటే, ‘మొదటిది’.

“అన్నీ మొదటివేనా?” అంటే, “రెండోది తీస్తేగా రెండోది అవడానికి” అనేవాడు.

మొట్టమొదటి ‘మొదటిది’లో ఉన్నది సన్నాయి ఏడుకొండలు. తెనాలి చుట్టుపక్కల ఆయన సన్నాయి లేకుండా పెళ్ళిళ్ళు జరగని కాలం ఒకటుండేదట. నేను వచ్చేనాటికి అరవై దాటినవాడు, పిలుపులు పలచబడ్డాయి. ఉన్న పిలుపులు కూడా వెంకటరత్నం మొండితనం వల్ల వచ్చినవే. ఫొటోలకి ఎవరొచ్చినా అతనిది ఒకటే మాట. “మేళం ఏడుకొండలు మామది అయితేనే వస్తా.” ఫొటోల బేరంలో ఎంతైనా దిగుతాడు గానీ మేళం దగ్గర దిగడు.

స్టూడియో డాబా మీద దుప్పటి కట్టి ఆ సినిమా వేస్తే వీధి వీధంతా వచ్చింది. తెరమీద ఏడుకొండలు బుగ్గలు పొంగుతున్నాయి, వేళ్ళు పరుగెత్తుతున్నాయి, కనుబొమలు రాగం పలుకుతున్నాయి. చప్పుడు లేదు.

“ఏంటండీ ఇది, సన్నాయికి గొంతు పట్టిందా?” అన్నారెవరో.

“పీకలో ఈగ పడిందేమో.”

ఎదురుగా చాపమీద కూర్చున్న ఏడుకొండలు తన బొమ్మని తనే కళ్ళార్పకుండా చూశాడు. చూసి చూసి సన్నాయి ఎత్తుకున్నాడు. బావమరిది కోటిరత్నం డోలు తగిలించుకున్నాడు. తెరమీద ఏడుకొండలు ఏదో వాయిస్తున్నాడు, కింద ఏడుకొండలు దానికి జవాబు చెబుతున్నాడు. ఈగ అన్నవాళ్ళు నోరు మూశారు. అయిపోగానే, తెనాలి కాబట్టి, వన్స్ మోర్ అన్నారు. వెంకటరత్నం నీళ్ళ డ్రమ్ము ఎక్కి వాళ్ళని తిట్టాడు. అది మామూలే.

వేటపాలెం వెళ్ళి జీడిపిక్కలు కొట్టే ఆడవాళ్ళ మీద ఒకటి తీశాడు. పాకలో బారుగా కూర్చుని కొడుతున్నారు.

“రోజూ కొట్టేట్టు కాకుండా కొట్టండమ్మా” అన్నాడు.

“ఎట్టా కొట్టినా పగలాల్సింది పిక్కే గదండీ” అంది వాళ్ళలో కుమారి అనే గడుసు పిల్ల.

“పగలకపోయినా ఫరవాలేదు. మీ ఇష్టం వచ్చినట్టు కొట్టండి.”

ఇష్టం వచ్చినట్టు కొట్టమని వాళ్ళకి పుట్టాక ఎవరూ చెప్పలేదు. కుమారి ఒక దెబ్బ వేసింది. పక్కామె రెండు వేసింది. ఆ చివరామె వేసిన దెబ్బకి పిక్క ఎగిరి వెంకటరత్నం నుదుటికి తగిలింది. నవ్వులూ దెబ్బలూ కలిసి పాకంతా తాళం పట్టింది. ఆ రోజు ఆ పాకలో జీడిపప్పు గుళ్ళు తక్కువ, బద్దలు ఎక్కువ. యజమాని మమ్మల్ని స్టేషను దాకా తరిమాడు.

తీరా రీలు బొంబాయి నుంచి వచ్చాక చూస్తే, కెమెరాని దూలానికి తలకిందులుగా కట్టాడేమో, ఆడవాళ్ళందరూ కప్పుకి వేలాడుతూ పిక్కలు కొడుతున్నారు.

“మళ్ళీ వెళ్ళి తీసుకురాకూడదూ?” అన్నాను, అతనేమంటాడో తెలిసే.

“అలా వేలాడుతూ కొట్టమంటే ఒప్పుకుంటారంటారా?”

ఇక రేపల్లె పెళ్ళి సంగతి. మేం భట్టిప్రోలు మీదుగా చేరిన పెళ్ళే అది. మేళం ఏడుకొండలుది. పందిట్లో బ్రహ్మాండంగా వాయిస్తున్నాడు. పెళ్ళికూతురి మేనమామ, లావుపాటి మనిషి, తాంబూలం నములుతూ వచ్చాడు.

“ఏడుకొండలూ, ఇందాక ఎదురుకోలప్పుడు వాయించావే, అది మళ్ళీ పట్టు. మా అక్క వినలేదు.”

ఏడుకొండలు సన్నాయి కిందికి దించి దానివైపు చూశాడు. కోటిరత్నం డోలు మెల్లగా ఆగింది. అంతలో పెద్ద చప్పుడు. ఎత్తుబల్ల మీద నిలబడి ఫొటో తీస్తున్న వెంకటరత్నం, “వన్స్ మోర్ వద్దు!” అని కేకపెడుతూ బల్లతో సహా అరటిపళ్ళ గంపలో పడ్డాడు.

“పెళ్ళి మాది, మేళం మాది, మధ్యలో నీ పెత్తనం ఏంటయ్యా?” అన్నాడు మేనమామ.

“ఇంకోటి అడగండి! వాయించిందే వాయిస్తే నేను ఫొటోలు తియ్యను!” అన్నాడు వెంకటరత్నం, గంపలోంచే.

“తియ్యకపోతే పో!”

“తీసినవి కూడా ఇవ్వను!”

పందిరంతా పగలబడి నవ్వింది. ఆ నవ్వులో ఏడుకొండలు సన్నాయి ఎత్తి ఏదో కొత్తది అందుకున్నాడు. కాసేపటికి మేనమామ తను ఏం అడిగాడో మరిచిపోయి తల ఊపుతున్నాడు.

తరవాత నేను ఏడుకొండలు పక్కన కూర్చుంటే, ఆయన చుట్ట వెలిగించుకుంటూ గొంతు తగ్గించి అన్నాడు. “రత్నంబాబు మంచోడేనండి. కాస్త తేడా. వాయించిందే వాయిస్తే ఆయనకి పిచ్చెత్తుద్ది. పసివాడప్పట్నించీ ఎరుగుదును గదా, ఆయన కోసమని కీర్తనలన్నీ మానేశా. ఏం జేత్తాం, మనం సర్దుకుపోవాల.”

ఒక పెద్ద విద్వాంసుడు ఒక పిచ్చివాడి కోసం విద్యనంతా మూటగట్టి అటకెక్కించాడే అని నాకు ఎంతో ముచ్చటేసింది.

పంథొమ్మిది వందల డెబ్భైలో బాపట్ల కబురు వచ్చింది. మద్రాసులో పొట్టి సినిమాల సంఘం ఒకటి ఉందట. దాని కార్యదర్శి ప్రకాశరావు అనే ఆయన చుట్టాల ఇంటికి బాపట్ల వస్తున్నాడు. అక్కడి లెక్చరర్లు కొందరు వెంకటరత్నం సినిమాల సంగతి చెబితే, టౌన్ హాల్లో వేయించండి చూస్తానన్నాడు. ఆయనకి నచ్చితే మద్రాసు ఉత్సవానికి తీసుకెళతాడు.

వెంకటరత్నం ఏదైనా కావాలని కోరుకోవడం నేను మొదటిసారి చూశాను. కొత్త చొక్కా కుట్టించుకున్నాడు. రీళ్ళ డబ్బాలని మెత్తటి గుడ్డతో తుడిచి, తుడిచిన సంగతి మరిచి, దాదాపు రెండోసారి తుడవబోయాడు.

“మద్రాసు వెళితే ఏమొస్తుందండీ?” అన్నాను.

“అక్కడ నవ్వకుండా చూసేవాళ్ళు ఉంటారటండి” అన్నాడు.

ఆరేళ్ళుగా ఊరు నవ్వుతుంటే తానూ నవ్వుతూ తిరిగిన మనిషి నోట వచ్చిన మాట అది. జయలక్ష్మిగారు మర్నాడే పులిహోర మూట కట్టింది. కోటిరత్నం డోలు, ఏడుకొండలు సన్నాయి, వెంకటరత్నం మిషను, మూటతో ఆవిడ, నేను, అందరం బాపట్ల రైలెక్కాం. టిక్కెట్లు నేనే కొన్నాను. కౌంటరు దగ్గర మళ్ళీ అడిగితే వెంకటరత్నం మమ్మల్ని నిడుబ్రోలులో దింపుతాడని భయం.

హాలు నిండింది. ముందు వరసలో ప్రకాశరావు, ఒళ్ళో గుండ్రటి చక్రాల టేపు రికార్డరు. మొదట తలకిందుల జీడిపప్పు వేశారు. కోటిరత్నం డోలుమీద ఒక్కొక్క పిక్కా పగలగొడుతుంటే ప్రకాశరావు ముందుకి వంగి కూర్చున్నాడు. నవ్వలేదు. వెంకటరత్నం చీకట్లో నా చెయ్యి పట్టుకున్నాడు.

తరవాత ఏడుకొండలు. తెరమీద నాలుగైదేళ్ళ కిందటి వేళ్ళు, తెర కింద ఇప్పటి వేళ్ళు. చాలాసేపు ఎవరి దారి వారిది. పైన వేళ్ళు పరుగెత్తితే కింద రాగం నడిచింది. పైన ఆగితే కింద ఎగిరింది. చివరికి వచ్చేసరికి, ఎలా జరిగిందో ఏమో, రెండు జతల వేళ్ళూ ఒకే చోట కలిసి, కాసేపు ఒకటే సన్నాయి వాయించి, మళ్ళీ విడిపోయాయి. కీ అయిపోయింది. తెర తెల్లబడింది.

హాలు ఊపిరి పీల్చుకుని, వన్స్ మోర్ అంది. బాపట్ల తెనాలికి తీసిపోయే ఊరేం కాదు.

ప్రకాశరావు లేచి వచ్చి వెంకటరత్నం రెండు చేతులూ పట్టుకున్నాడు.

“అద్భుతం అండీ! నాదే పొరపాటు, ఇంత బాగుంటుందనుకోలేదు, రికార్డరు ఆన్ చెయ్యలేదు. రీలు మళ్ళీ వేయించండి. ఆయన ఇప్పుడు వాయించిందే మళ్ళీ వాయిస్తే, టేపు చేసుకుని రీలుతోపాటు మద్రాసు పట్టుకెళతాను.”

“అదేనా అండీ?”

“అదే. స్వరం మారకూడదు. ఆ చివర వేళ్ళు కలవడం ఉంది చూశారూ, అది కావాలి.”

వెంకటరత్నం వేదిక వైపు చూశాడు. నేనూ చూశాను. ఏడుకొండలు సన్నాయి పీక తుడుస్తూ, జాతరలో చెయ్యి వదిలేసిన పిల్లవాడిలా, జనంలో వెంకటరత్నం కోసం వెతుకుతున్నాడు.

“వద్దండి” అన్నాడు వెంకటరత్నం.

“మద్రాసు వద్దా?”

“వన్స్ మోర్ వద్దండి.”

“ఏంటండీ ఈ చాదస్తం! ఒక్కసారి. నేను కమిటీకి ఏం చూపించను? మీకేమన్నా పిచ్చా?”

“మా ఊళ్ళో అందరూ అదే అంటారండి” అని, వెంకటరత్నం ప్రకాశరావు లేచిన కుర్చీనే ఎక్కాడు. “వన్స్ మోర్ అనకండయ్యా! ఇంకోటి అనండి! ఏడుకొండలు మామ దగ్గర కొండంత సరుకుంటే, తిన్న మెతుకే మళ్ళీ తింటామంటారేంటి? ఇంకోటి!”

హాలు నవ్వింది. నవ్వి, సరదాకి ఒకరన్నారు, “ఇంకోటి!” తరవాత నలుగురు. తరవాత హాలంతా. ఏడుకొండలు మొహం విచ్చుకుంది. సన్నాయి లేచింది. ఈసారి వచ్చింది ఇందాకటి దానికి అత్తా కాదు, ఆడబిడ్డా కాదు. ప్రకాశరావు రికార్డరు కాసేపు తిప్పి, ఇది అది కాదని తేల్చుకుని, మూత పెట్టేసి వెళ్ళిపోయాడు.

నాకు ఒళ్ళు మండింది. హాలు వెనక వరండాలో పులిహోర పొట్లాలు విప్పుతున్న జయలక్ష్మిగారి దగ్గరికి వెళ్ళి కక్కేశాను.

“చాదస్తానికీ హద్దుండాలి గదమ్మా! చేతికొచ్చిన మద్రాసుని కాలదన్నాడు!”

ఆవిడ పొట్లం నా చేతిలో పెట్టింది. “అన్నయ్యగారూ, మీరు మా మేడమీదికి ఎప్పుడొచ్చారు?”

“అరవై అయిదులో.”

“అదీ సంగతి. అంతకు ముందు చూడాల్సింది ఈయన్ని. పొద్దున ఇడ్లీ, సాయంత్రం ఇడ్లీ. అదే హోటలు, అదే బల్ల. నాటకానికి వెళితే వన్స్ మోర్ అని మొదట లేచేది ఈయన గొంతే. ఆ గొంతుకి జడిసి రాజులు నాలుగేసి సార్లు చచ్చేవాళ్ళు.”

“మన రత్నంగారా?” అన్నాను.

“మా పెళ్ళికి సన్నాయి ఏడుకొండలు బాబాయిదే. ఆ రోజు వాయించిన కీర్తన ఈయన స్నానాల గదిలో రోజూ పాడేవాడు. రోజూ అంటే రోజూ. నా చెవులు చిల్లులు పడేవి. ఒకరోజు ఉన్నట్టుండి మానేశాడు.”

“ఎందుకని?”

జవాబు కోటిరత్నం చెప్పాడు. డోలు తాళ్ళు వదులు చేసుకుంటూ, తలెత్తకుండా.

“అరవై నాలుగులో బావకి జొరం తలకెక్కిందండి. బతికాడు. వేళ్ళున్నాయి, ఊపిరుంది, రాగం ఉంది. కీర్తనలు పోయినయ్యి. ఇప్పుడు వాయించింది కాసేపాగితే ఆయనకి గుర్తుండదు. లేచిన కొత్తలో ఒక పెళ్ళికి పోతే కీర్తన సగంలో దారి తప్పి నిలబడిపోయాడు. జనం నవ్వారు. ఆ పెళ్ళికి ఫొటోలు రత్నంబాబువి. ఏమనుకున్నాడో, కుర్చీ ఎక్కి, ‘వచ్చిందే వాయించేదానికి మేళమెందుకు, కొత్తది పట్టు మామా’ అని అరిచాడు. నవ్వు అటు తిరిగింది. అంతే. ఆ కుర్చీ ఇంతవరకూ దిగలా.”

“ఒకడు మరిచిపోతే జబ్బండీ అన్నయ్యగారూ” అంది జయలక్ష్మిగారు. “పక్కన ఇంకొకడు మళ్ళీ వద్దని రోజూ గోలపెడుతుంటే, అది పద్ధతి.”

“మరి ఏడుకొండలుగారికి తెలుసా?”

“బావకా?” కోటిరత్నం నవ్వాడు. “రత్నంబాబుకి తిక్కనీ, ఆ తిక్క కోసం తను కీర్తనలు మానేశాననీ అనుకుంటాడు. మానేసింది గుర్తుంది. మరిచిపోయింది గుర్తులేదు.”

నేను పులిహోర తిన్నాను. బాగుంది. ఇంకాస్త అడగబోయి, వెంకటరత్నం వస్తుంటే ఆగిపోయాను. అతని వెనక బాపట్ల వకీలు ఒకాయన పరుగులాంటి నడకతో వస్తున్నాడు.

“ఏవండీ, వచ్చే నెల మా అమ్మాయి పెళ్ళి. ఆ సన్నాయి పెద్దాయన కావాలి. కానీ ఒక షరతు.”

వెంకటరత్నం మొహం బిగిసింది. “ఏంటండీ షరతు?”

“మా పెళ్ళిలో వాయించింది ఇంకే పెళ్ళిలోనూ వాయించకూడదు.”

వెంకటరత్నం కాసేపు ఆలోచించినట్టు నటించాడు. “కష్టమేనండి. కానీ నేను చెప్పి ఒప్పిస్తాను.”

ఆ తరవాత మా ప్రాంతంలో పట్టిన వింత సరదా గురించి పత్రికలో నేనే రాశాను. ఏడుకొండలు మేళం పెట్టిస్తే, ఆ పెళ్ళికి ఒక పాట పుడుతుంది. దాన్ని ఇంకెవరూ వినరు. బాపట్లలో ఒకరు పెట్టించారని చీరాలలో ఒకరు, వాళ్ళకి తీసిపోకూడదని రేపల్లెలో ఒకరు. పిలుపులు మునపటికన్నా ఎక్కువయ్యాయి. మా గంప పెళ్ళి మేనమామ తన కూతురికీ ఆయన్నే పిలిచాడు. పందిట్లో ఎవరో కుర్రాడు నోరుజారి వన్స్ మోర్ అంటే, మేనమామే లేచి గద్దించాడు. “తప్పురా! ఆయన మేళానికి అలా అనకూడదు!” పక్కన ఎత్తుబల్ల మీద వెంకటరత్నం, అరవాల్సిన పని తప్పిపోయి, ఏం చేయాలో తోచక ఒక ఫొటో తీశాడు. అందులో మేనమామ కళ్ళు మూసుకున్నాడు.

మద్రాసు సంఘం మళ్ళీ పిలవలేదు. వెంకటరత్నం ఆ ఊసెత్తలేదు. మరో అరడజను మొదటి సినిమాలు తీశాడు.

ఆ మరుసటి ఏడు ఏదో వార్తకి రేపల్లె వెళ్ళాను. పొద్దున్నే స్టేషను పక్క హోటల్లో పేపరు తిరగేస్తున్నాను. పేపరు అంచు మీదుగా చూస్తే, మూలబల్ల దగ్గర, గోడవైపు సగం తిరిగి, వెంకటరత్నం. ఎక్కడో పెళ్ళికి వచ్చినట్టున్నాడు. ముందు ఇడ్లీ ప్లేటు ఖాళీ. అటు చూశాడు, ఇటు చూశాడు. సర్వరుని వేలితో దగ్గరికి పిలిచి, దొంగసొత్తు అడిగినట్టు అడిగాడు.

“అదే ఇంకో ప్లేటు.”

ప్లేటు వచ్చింది. కళ్ళు మూసుకుని మొదటి ముద్ద నోట్లో పెట్టుకున్నాడు. ఏడేళ్ళ ఆకలి ఆ మొహంలో కనపడింది. కాలితో తాళం వేస్తూ, గొంతు లోపల్లోపల ఏదో కూనిరాగం. అదేం కీర్తనో జయలక్ష్మిగారైతే ఇట్టే చెప్పేది.

నేను పేపరు మడిచాను. ఆ చప్పుడుకి తిరిగి చూశాడు. ముద్ద గొంతులో అడ్డం పడింది. మంచినీళ్ళు తాగి, నా బల్ల దగ్గరికి వచ్చి వంగాడు.

“ఏడుకొండలు మామకి చెప్పకండి.”

ఇన్నేళ్ళలో దొరకని సందు దొరికింది. వదులుతానా?

“ఏంటన్నారు? వినపడలేదు.”

వెంకటరత్నం నన్ను చూశాడు, ఇడ్లీ ప్లేటు చూశాడు. తల గోక్కున్నాడు. తరవాత, తెనాలి మనిషిలా, అక్షరం పొల్లుపోకుండా అన్నాడు.

“ఏడుకొండలు మామకి చెప్పకండి.”